గడువు దొరికిన ఆత్మలు

2024లో శ్రీ విజయపురం అని పేరు మారినా, ఊళ్లోవాళ్ల నోటికి అది ఇంకా పోర్ట్ బ్లెయిరే. అక్కడ ఎవరైనా కన్నుమూస్తే, పోయిన మనిషి ఇంటిని పూర్తిగా విడిచివెళ్లడానికి ఎన్నాళ్లు పడుతుందన్న ప్రశ్నకు గుమ్మం గుమ్మానికీ ఒక లెక్క వినిపిస్తుంది. తెలుగువాళ్లు పదో రోజు, పన్నెండో రోజు అంటారు. తమిళులు పదహారో రోజు మాట ఎత్తుతారు. ముస్లిం కుటుంబాల్లో చాలామందికి నలభయ్యో రోజు ముఖ్యం. నికోబారీ పెద్దల పాత లెక్క అయితే రోజుల్లో తేలదు, ఏళ్లు పడుతుంది. 2011 జనగణన నాటికి అండమాన్ నికోబార్ దీవుల జనాభా 3,80,581. బెంగాలీ, హిందీ, తమిళం తర్వాత నాలుగో స్థానం తెలుగుదే, సుమారు 13 శాతం. చావుకూ బతుక్కూ నడుమ చిక్కుకున్న ఆత్మల మీద తెరకెక్కిన కథలను బేరీజు వేయడానికి ఇంతకంటే అనువైన చోటు దొరకడం కష్టం. ఆ కథలన్నీ తిరిగే ఇరుసు గడువే. ఆ గడువును రోజూ నాలుగైదు రకాలుగా లెక్కపెట్టే ఊరు ఇది.

ముందు తెర సంగతి.

ఈ తరహాలో ఆసియా అంతటా పేరు తెచ్చుకున్న కొరియన్ సీరియల్ ‘ఫార్టీనైన్ డేస్’. 2011లో ఎస్‌బీఎస్ ఛానల్‌లో 20 భాగాలుగా వచ్చింది. రచన సో హ్యూన్-క్యుంగ్. పెళ్లి ముచ్చట్లలో ఉన్న షిన్ జీ-హ్యూన్ అనే కలిగినింటి అమ్మాయి కారు ప్రమాదంలో కోమాలోకి పోతుంది. తీరా చూస్తే ఆ రోజు పోవాల్సినవాళ్ల జాబితాలో ఆమె పేరు లేదు. పైలోకపు ఉద్యోగి ఒకడు మోటార్‌సైకిల్ వేసుకుని వస్తాడు. సీరియల్‌లో అతని హోదా ‘షెడ్యూలర్’. అతను పెట్టిన షరతు ఇది: రక్తసంబంధం లేనివాళ్లు ముగ్గురు ఆమె కోసం మనసారా ఒక్కో కన్నీటి చుక్క రాల్చాలి, అదీ నలభై తొమ్మిది రోజుల్లోగా. అప్పటిదాకా ఆమెకు సొంత శరీరం లేదు. బతుకు మీద ఆశ చచ్చిన సాంగ్ యీ-క్యుంగ్ అనే మరో యువతి నిద్రపోతున్నంతసేపూ ఆ శరీరాన్ని అరువు తీసుకోవాలి.

కథలో బలమంతా ఆ మూడు చుక్కల దగ్గరే ఉంది. స్నేహితురాలని నమ్మినదీ, పెళ్లాడబోయినవాడూ మోసగాళ్లని తేలుతుంది. తన కోసం ఏడ్చేవాళ్లు వందమంది ఉంటారనుకున్న పిల్ల ఒక్క చుక్క కోసం వీధులు పట్టి తిరుగుతుంది. లీ యో-వన్ ఒకే ఒంట్లో ఇద్దరిని నటించి చూపించింది: భుజాలు వాల్చి నడిస్తే యీ-క్యుంగ్, కళ్లు పెద్దవి చేసి గలగలా మాట్లాడితే జీ-హ్యూన్. చివరికి చుక్కలు మూడూ దొరికి జీ-హ్యూన్ లేచి కూర్చుంటుంది. అయితే ఆమె అసలు తేదీకి మిగిలింది ఆరు రోజులే. ఈ ముగింపు మీద అభిమానులు అప్పట్లో రెండు వర్గాలయ్యారు. నిజానికి ఆ సీరియల్ తన లెక్కకు తాను కట్టుబడింది అక్కడే. పొరపాటున తీసుకున్న ప్రాణాన్ని వెనక్కి ఇచ్చారు, రాసిన తేదీని మాత్రం ముట్టుకోలేదు.

నలభై తొమ్మిది అన్న అంకె రచయిత్రి కల్పన కాదు. చనిపోయినవారి కోసం వారానికొకటి చొప్పున ఏడు వారాలు చేసే బౌద్ధ కర్మ కొరియాలో ఇప్పటికీ జరుగుతుంది. టిబెట్ బౌద్ధంలో మరణానికీ మరుజన్మకూ నడుమ ఉండే బార్దో స్థితికి చెప్పే పరిమితీ నలభై తొమ్మిది రోజులే. 2017 నాటి కొరియన్ సినిమా ‘అలాంగ్ విత్ ద గాడ్స్’లో ఒక అగ్నిమాపక ఉద్యోగి ఆత్మ ఏడు న్యాయస్థానాలు దాటాల్సిన వ్యవధి కూడా అదే. 2019లో వచ్చిన ‘హోటల్ డెల్ లూనా’ మాత్రం గడువును తలకిందులు చేసింది. అందులో ఆత్మలు బస చేసే హోటల్ యజమానురాలు వెయ్యేళ్లకు పైగా కదలలేక అక్కడే ఉండిపోయింది. వచ్చిన అతిథులు కక్షలో, కోరికలో తీర్చుకుని వంతెన దాటిపోతుంటారు, ఆమెకు మాత్రం సెలవు లేదు. ముస్తాబులో ‘హోటల్ డెల్ లూనా’దే పైచేయి. బిగువులో ‘ఫార్టీనైన్ డేస్’ దాన్ని దాటిపోతుంది, అందులో గడియారం ఒక్క భాగంలోనూ ఆగదు కాబట్టి.

ఈ కొరియన్ లెక్క ఫిలిప్పీన్స్‌లో టాగలోగ్ మాట్లాడింది. అక్కడ డబ్బింగ్ సీరియళ్ల చరిత్ర పాతదే. 1990ల్లో మెక్సికో సీరియల్ ‘మారిమార్’, 2003లో తైవాన్ నుంచి వచ్చిన ‘మీటియర్ గార్డెన్’ జనాన్ని టీవీలకు కట్టిపడేశాయి. కొరియన్ కథలు ఆ దారిలోనే వచ్చాయి. బౌద్ధుల నలభై తొమ్మిది రోజులు అత్యధికులు క్యాథలిక్కులైన దేశంలో ఎలా చెల్లాయి? అక్కడి ఇళ్లలో చావు తర్వాత తొమ్మిది రోజుల ప్రార్థన ఉంటుంది, దాని పేరు పసియాం. ఆత్మ నలభై రోజులు ఈ లోకంలోనే తిరిగి, నలభయ్యో రోజున పైకి పోతుందని నమ్మిక. క్రీస్తు పునరుత్థానానికీ ఆరోహణానికీ నడుమ గడిచిన నలభై రోజులే దానికి ఆధారం. ఏడాదికి మైల వస్త్రాలు విడుస్తారు. నలభైకి అలవాటుపడిన ఇంటికి నలభై తొమ్మిది పరాయి అంకెలా అనిపించలేదు. సంభాషణ మారింది, దేవుడు మారాడు, గడువు మాత్రం తెలిసినదే.

డబ్బింగ్‌లో అసలు ముడి పడేది వరసల దగ్గర. కొరియన్ అమ్మాయి తనకంటే పెద్దవాడైన ప్రియుణ్ణి ‘ఒప్పా’ అంటుంది, ఆ మాటకు అర్థం అన్నయ్య. టాగలోగ్‌లో దానికి సరిపోయే ‘కుయా’ పెడితే ప్రేమకథ కాస్తా తోబుట్టువుల కథ అయిపోతుంది. తెలుగులో ‘అన్నయ్య’ పెడితే ఇంకా ప్రమాదం, ప్రేక్షకుడు చెవులు మూసుకుంటాడు. మనకు ‘బావ’ ఉంది గానీ అది చుట్టరికాన్ని వెంటబెట్టుకొస్తుంది. అందుకే అనువాదకులు చాలాసార్లు పేరుతో పిలిపించి గండం గట్టెక్కుతారు. మర్యాద విషయంలో మాత్రం టాగలోగ్‌కూ తెలుగుకూ పొత్తు కుదురుతుంది: వాళ్లు వాక్యంలో ‘పో’ చేరుస్తారు, మనం ‘అండి’ తగిలిస్తాం. ఇక ‘షెడ్యూలర్’కు తెలుగు వెతకాల్సిన పనే లేదు. యమకింకరుడో, చిత్రగుప్తుడి గుమస్తానో అంటే సరిపోతుంది.

ఆ సరిపోవడం వెనక తొంభై ఏళ్ల తెలుగు సినిమా ఉంది. సి. పుల్లయ్య 1933లో కలకత్తాలో ఈస్టిండియా ఫిలిం కంపెనీకి ‘సావిత్రి’ తీశారు. దాసరి రామతిలకం సావిత్రి, వేమూరి గగ్గయ్య యముడు. సావిత్రి కథలోనూ గడువు ముందే తెలుసు: పెళ్లి నాటికి సత్యవంతుడికి మిగిలింది సరిగ్గా ఒక్క సంవత్సరం. మళ్లీ అదే పుల్లయ్య 1960లో ‘దేవాంతకుడు’ తీసి, ఎన్టీఆర్‌ని యమలోకానికి పంపి, అక్కడ హాస్యం పండించారు. దానికి మూలం 1958 నాటి బెంగాలీ చిత్రం ‘జమాలయే జీబంత మానుష్’. అంటే పోర్ట్ బ్లెయిర్‌లో తెలుగింటాయన ఈ కథను తన కథ అని చెప్పుకుంటే, పక్కింటి బెంగాలీ పెద్దాయన అది మా భాను బందోపాధ్యాయ్ నటించిన కథ కదా అని నవ్వొచ్చు. యముడి ముందు నిలబెట్టి మాట్లాడించడం ఒకే దర్శకుడు రెండు విధాలుగా చేశాడు. మొదటిదానిలో ధర్మం వాదిస్తుంది, రెండోదానిలో తిక్క ప్రశ్నలు వాదిస్తాయి.

ఎమర్జెన్సీ ముగిసిన 1977లోనే తాతినేని రామారావు ‘యమగోల’ వచ్చింది. యమలోకంలో సమ్మె చేయించిన ఆ సినిమాలో కైకాల సత్యనారాయణ యముడిగా కుదురుకున్నారు. 1988లో రవిరాజా పినిశెట్టి ‘యముడికి మొగుడు’లో గడువు లెక్క తప్పుతుంది: చిరంజీవిని వేళ కాకముందే తీసుకుపోతారు, తిరిగి పంపుదామంటే శరీరం లేదు. అచ్చు అదే పోలికలున్న మరొకడి ఒంట్లో పెట్టి పంపుతారు. జీ-హ్యూన్ కథకు ఇరవై మూడేళ్ల ముందే తెలుగువాళ్లు ఈ గుమస్తా పొరపాటును, అరువు శరీరాన్ని ఈలలు వేసి చూశారు. 1994లో ఎస్.వి. కృష్ణారెడ్డి ‘యమలీల’ మరో మెట్టు ఎక్కింది. భవిష్యత్తు రాసిన పుస్తకం భూమ్మీద జారిపడి అలీ చేతికి చిక్కుతుంది, అందులో కన్నతల్లి చావు గడియ కూడా కనబడుతుంది. 2007లో రాజమౌళి ‘యమదొంగ’ దాకా ఈ వరస నడిచింది.

మన యముడి సినిమాల లోటూ అక్కడే ఉంది. వాటిలో చచ్చినవాడి తరఫున వాదన జరుగుతుంది గానీ, ఉన్నవాళ్లు ఏడ్చే తీరు మీద కెమెరా నిలవదు. ఈ లోటును కొంత పూడ్చినవి వి.ఐ. ఆనంద్ సినిమాలు. 2016 నాటి ‘ఎక్కడికి పోతావు చిన్నవాడా’లో పోయిన అమ్మాయి ప్రేమించినవాడి దగ్గర కొన్నాళ్లు గడపడానికి మరో అమ్మాయి ఒంట్లో చేరుతుంది. 2024లో వచ్చిన ‘ఊరు పేరు భైరవకోన’ గరుడపురాణంలో పోయిన పుటలు అనే ఊహ మీద ఒక ఆత్మల ఊరినే కట్టింది. రెండోదానిలో హంగు ఎక్కువై దుఃఖం పలచబడింది. మొదటిదే ‘ఫార్టీనైన్ డేస్’కు దగ్గరి చుట్టం.

తెర మీది గడువుకూ ఇంట్లోని గడువుకూ పొత్తు ఎక్కడుందో తెలుగు దినవారాలు చెబుతాయి. చనిపోయిన నాటి నుంచి రోజుకొక పిండం చొప్పున పది రోజుల్లో ప్రేతానికి ఒక్కో అంగం ఏర్పడుతుందని పురాణాల మాట. అంటే మన లెక్కలో కూడా ఆత్మకు శరీరం లేదు, బతికున్నవాళ్లే రోజుకింత కట్టి ఇవ్వాలి. పన్నెండో రోజున సపిండీకరణం చేసి పెద్దల్లో కలుపుతారు. అది సంవత్సరం చివర చేయాల్సిన పని. ఏడాదిలో ఎవరికేమవుతుందో అన్న భయంతో ముందుకు జరిపారు. మధ్యలో కాకి పిండం ముట్టకపోతే ఇంటిల్లిపాదికీ గుండె ఆగినంత పని. పోయినాయనకు ఏం కోరిక మిగిలిందో అని తలా ఒక మాట అంటారు, ఎవరో ఒకరు బిగ్గరగా మాట ఇస్తారు: పిల్ల పెళ్లి మేం చేస్తాం, అప్పు మేం తీరుస్తాం. అప్పుడు కాకి వాలితే ఊపిరి పీల్చుకుంటారు. మూడు కన్నీటి చుక్కల షరతుకు ఇంతకంటే దగ్గరి తెలుగు దృశ్యం లేదు.

కాకి మాట వచ్చింది కాబట్టి అండమాన్ లోపలికి ఒకసారి పోవాలి. గ్రేట్ అండమానీ భాషల్లో ఒకటైన ‘బో’ మాట్లాడగలిగిన చివరి మనిషి బోవా సీనియర్ 2010 జనవరిలో పోర్ట్ బ్లెయిర్‌లో కన్నుమూశారు. తన భాషలో మాట్లాడేవాళ్లు మిగలక ఆమె పక్షులతో మాట్లాడేవారని, పక్షులను పూర్వీకులుగా భావించేవారని ఆమెతో కలిసి పనిచేసిన భాషాశాస్త్రవేత్త అన్వితా అబ్బీ చెప్పారు. అంతకు వందేళ్ల ముందు, 1906-08లో ఈ దీవుల్లో పరిశోధన చేసిన మానవశాస్త్రవేత్త రాడ్‌క్లిఫ్-బ్రౌన్ 1922 నాటి పుస్తకంలో అండమానీల చావు పద్ధతులను విపులంగా రాశాడు. పోయినవారి పేరు మైల ఉన్నంతకాలం ఎవరూ పలికేవారు కాదు. ఆ మకాం వదిలి జరిగిపోయేవారు. కొన్ని నెలలకు ఎముకలు తవ్వి తీసి, కడిగి, బంధువులు మెడలో వేసుకునేవారు. ఆఖరున ఒక నాట్యంతో మైల తీరేది. ఇక్కడి గడువుకు అంకె లేదు. దేహం మట్టిలో కరిగేదాకా ఆగడమే లెక్క.

అదే పుస్తకంలో మరో మాట ఉంది. ఉత్తరాది తెగలు ఆత్మలను ‘లావ్’ అనేవారు. భారతదేశం నుంచి, బర్మా నుంచి ఓడల్లో వచ్చి దిగినవాళ్లనూ అదే మాటతో పిలిచారు. వాళ్ల దృష్టిలో మనమే చావుకూ బతుక్కూ మధ్య తిరిగేవాళ్లం.

ఆ పేరు పూర్తిగా తప్పూ కాదు. కాలాపానీ దాటినవాడికి కులం పోయినట్టేనని, ఇంట్లో ఉన్నా లేనట్టేనని పందొమ్మిదో శతాబ్దపు ఊళ్లలో అనేవారు. 1906లో కట్టడం పూర్తయిన సెల్యులర్ జైలుకు పోయినవాడి పేరు ఊళ్లో చాలాచోట్ల భూతకాలంలోనే పలికేది. అల్లూరి సీతారామరాజు అనుచరుడు గాం మల్లుదొర అండమాన్ శిక్ష అనుభవించి వెనక్కి వచ్చారు. వచ్చి 1952లో విశాఖపట్నం నుంచి మొదటి లోక్‌సభలో అడుగుపెట్టారు. అదే సభలో అండమాన్ నికోబార్ తరఫున నామినేట్ అయి కూర్చున్నది కార్ నికోబార్ బిషప్ జాన్ రిచర్డ్‌సన్.

రిచర్డ్‌సన్ కాలానికి కార్ నికోబార్ చాలావరకు క్రైస్తవంలోకి వచ్చింది గానీ, పాత లెక్క చెరిగిపోలేదు. పూర్వం అక్కడ పోయినవారిని పాతిపెట్టి, కొన్నేళ్ల తర్వాత ఊరంతా కలిసి అస్థికల పండుగ చేసేవారు. ఎముకలు పైకి తీసి శుభ్రం చేసి, తిరిగి సాగనంపడం అందులో ముఖ్యమైన పని. దానికి పందులు మేపాలి, కొబ్బరికాయలు పోగుచేయాలి, పొరుగు ఊళ్లను పిలవాలి. కనుక ఆత్మ ఎన్నాళ్లు ఆగాలో తేల్చేది పందుల దొడ్డి. మధ్య నికోబార్‌లో, నాన్‌కౌరీ వైపు, రోగం వస్తే అది ఆత్మల పట్టు అనుకునేవారు. మెన్లువానా అనే వైద్యుడు చెప్పిన ప్రకారం చెక్కతో బొమ్మ చెక్కించి ఇంట్లో నిలబెట్టేవారు. హెంటాకోయి అనే ఆ బొమ్మలు పోర్ట్ బ్లెయిర్ మానవశాస్త్ర మ్యూజియంలోనూ, దేశవిదేశాల మ్యూజియంలలోనూ కనిపిస్తాయి. కళ్లు విప్పార్చి, చేయి ఎత్తి, వచ్చే ఆత్మను గుమ్మంలోనే నిలేసే ఆ కాపలాదారులను కొరియన్ సీరియళ్ల నల్లదుస్తుల యమదూతల పక్కన పెట్టి చూస్తే తేడా తెలుస్తుంది. కొరియాలో ఆత్మను తీసుకుపోవడానికి వస్తారు, నాన్‌కౌరీలో రానివ్వకుండా ఆపుతారు.

ఇంతవరకూ చెప్పిన కథలన్నిటికీ, కర్మలన్నిటికీ ఒక ఆధారం ఉంది. శరీరం ఎక్కడో ఒకచోట ఉంటుంది, ఆసుపత్రి మంచం మీదో, చితి మీదో, మట్టిలోనో. గడియారం అక్కడి నుంచి మొదలవుతుంది. 2004 డిసెంబరు 26 ఉదయం ఆ ఆధారం పోయింది. భూకంపం తీవ్రత 9.1. గ్రేట్ నికోబార్ దక్షిణాన ఇందిరా పాయింట్ దగ్గర నేల నాలుగు మీటర్లకు పైగా కుంగి, గట్టు మీది దీపస్తంభం నీళ్లలో నిలబడిపోయింది. కచాల్, కార్ నికోబార్ తీరపు ఊళ్లు సునామీలో తుడిచిపెట్టుకుపోయాయి. ఈ దీవుల్లో చనిపోయినవారూ గల్లంతైనవారూ కలిపి ప్రభుత్వ లెక్క సుమారు మూడున్నర వేలు. అందులో దొరకనివారు వేలల్లో ఉన్నారు. కొడుకు లేడు. పోయాడని చెప్పడానికి ఆనవాలూ లేదు.

చట్టం దగ్గర దీనికొక గడువు ఉంది. 1872 నాటి సాక్ష్య చట్టం 108వ సెక్షన్ ప్రకారం ఏడేళ్లు ఆచూకీ లేనివాడు బతికున్నాడని చెప్పేవాళ్లే దాన్ని రుజువు చేయాలి. 2024 జులైలో అమల్లోకి వచ్చిన కొత్త చట్టంలోనూ ఈ ఏడేళ్ల సూత్రం నిలిచింది. ఏడేళ్లు ఆగితే పరిహారం ఎప్పుడు, ఇల్లు ఎప్పుడు? అందుకే సునామీ తర్వాత గల్లంతైనవారి విషయంలో ప్రత్యేక విచారణతో ముందుగానే మరణం నమోదు చేసే పద్ధతి తెచ్చారు. 2013లో ఉత్తరాఖండ్ వరదల తర్వాత, 2021లో చమోలీ ప్రమాదం తర్వాత కూడా ఇలాంటి దారే తీశారు. జీ-హ్యూన్‌కు షెడ్యూలర్ చేసిన పనినే ఇక్కడ తహసీల్దారు కాగితాల మీద చేశాడు. జాబితా సరిచూశాడు, తేదీ వేశాడు.

శాస్త్రం ఈ చిక్కును చట్టానికంటే ముందే చూసింది. దేశాంతరం పోయి ఆచూకీ లేనివాడి కోసం ధర్మశాస్త్ర గ్రంథాలు సాధారణంగా పన్నెండేళ్లు ఆగమన్నాయి. ఆ తర్వాత మోదుగ కాడలు 360 పేర్చి మనిషి ఆకారం చేసి దహనం చేయాలి. ఇక ఆ మనిషి తిరిగివస్తే? దానికీ విధి రాసిపెట్టారు. చనిపోయినవాడిగా లెక్కలోకి ఎక్కాడు కాబట్టి అతన్ని నేతితో స్నానం చేయించి, జాతకర్మ నుంచి మళ్లీ సంస్కారాలన్నీ జరపాలి. తెలుగు సినిమా యముడి పేరుతో నవ్వించిన మలుపును గ్రంథకర్తలు ఎప్పుడో గంభీరంగా కూర్చుని పరిష్కరించారు. వేటకు పోయి రాని మనిషి కోసం ఉత్తరాంధ్ర తీరాన ఎన్నో ఇళ్లు ఇప్పటికీ ఈ లెక్కల మధ్యే నలుగుతాయి. ఆ ఇళ్ల నుంచే చాలామంది విశాఖ ఓడెక్కి అండమాన్ చేరారు.

జపాన్‌లో ఓత్సుచి పట్టణం పైన కొండ మీద వైరు లేని టెలిఫోన్ బూత్ ఒకటుంది. ఇతారు ససాకి అనే తోట రూపశిల్పి తన బంధువు పోయినప్పుడు 2010లో దాన్ని పెట్టుకున్నాడు. మరుసటి ఏడు సునామీ వచ్చాక, శవం దొరకనివాళ్ల కుటుంబాలు అక్కడికి వచ్చి రిసీవర్ ఎత్తి మాట్లాడడం మొదలుపెట్టాయి. దాని మీద నవలలూ సినిమాలూ వచ్చాయి. అండమాన్ నికోబార్ దుఃఖం మీద అలాంటి తెలుగు ధారావాహిక ఇంకా రాలేదు. 2023లో నెట్‌ఫ్లిక్స్ తెచ్చిన ‘కాలాపానీ’ ఈ దీవుల్లోనే నడుస్తుంది గానీ, అది అంటురోగం కథ, పోయినవారి ఆచూకీ వైపు దాని చూపు లేదు. చూసేవాళ్లు లేక కాదు. చెన్నై నుంచి సుమారు 2,300 కిలోమీటర్ల సముద్రగర్భ కేబుల్ 2020 ఆగస్టు 10న ప్రారంభమయ్యాక, ఉపగ్రహం దయ మీద బతికిన ఇంటర్నెట్ కాస్త ఊపిరి తీసుకుంది. కొరియన్ కథలు ఫోన్లలోకే వస్తున్నాయి, కొన్ని తెలుగులో మాట్లాడుతున్నాయి కూడా.

ఎవరైనా రాయబోతే మొదటి భాగం ఎక్కడ మొదలుపెట్టాలో తేల్చుకోవాలి. కార్ నికోబార్‌లో ఉప్పెన మనుషులతో పాటు కొబ్బరి తోటలనూ, ఇళ్ల కింద మేపుకున్న పందులనూ పట్టుకుపోయింది. అస్థికల పండుగ చేయాలంటే అస్థికలు లేవు, విందుకు పందులూ లేవు. కొత్త మొక్క కాపుకు రావడానికి కొన్నేళ్లు, దొడ్డి నిండడానికి కొన్నేళ్లు. ఈలోగా ప్రతి డిసెంబరు 26న అక్కడి జనం స్మారకం దగ్గర చేరి, ప్రార్థన చేసి, పూలు పెట్టి వస్తున్నారు.